మూడు పేర్ల నర్తకి

కొరియా దేశంలో కూడా మనలాగే ఇంటిపేరు ముందు, సొంత పేరు తరవాత చెప్పుకొంటారు. చోయ్ సుంగ్‌హీ అంటే చోయ్ వారింటి సుంగ్‌హీ అన్నమాట. కొరియావారికి సొంత లిపి ఉన్నా, పేర్లను చైనా లిపిలో రాసుకొనే ఆచారం పూర్వం నుంచి ఉన్నది. చైనా లిపిలో అక్షరానికి అర్థం స్థిరం. ఉచ్చారణ మాత్రం స్థిరం కాదు. ఏ భాషవారు చదివితే ఆ భాష పలుకు దానికి వస్తుంది. చోయ్ సుంగ్‌హీ పేరులోని మూడు అక్షరాలను జపానువారు సాయ్ షోకి అని చదివారు. చైనావారు త్సుయ్ చంగ్‌షీ అన్నారు. మనిషి ఒక్కరే, రాత ఒక్కటే, పేర్లు మూడు.

ఇది మీకు కొంత తెలిసిన అనుభవమే కావచ్చు. ఇంట్లో పిలిచే పేరు ఒకటి, బడి రిజిస్టరులో ఉన్న పేరు మరొకటి, రేషను కార్డులో ఇంటిపేరు ఎగిరిపోయి పొడి అక్షరంగా మిగిలినది ఇంకొకటి కావడం మన కుటుంబాలలో కొత్త కాదు. అయితే చోయ్ సుంగ్‌హీ విషయంలో ప్రతి పేరు వెనుక ఒక ప్రభుత్వం ఉన్నది. ఆమె నాట్యమాడింది, సినిమాలలో నటించింది, గ్రామఫోను రికార్డులకు పాడింది, పుస్తకాలు రాసింది, మూడు దేశాల పిల్లలకు నాట్యం నేర్పింది. ఆమెను నెత్తిన పెట్టుకొన్నవారూ ఉన్నారు. పేరు తుడిచివేసినవారూ ఉన్నారు. చాలాసార్లు ఆ ఇద్దరూ ఒక్కరే.

ఆమె 1911 నవంబరు 24వ తేదీన జన్మించింది. అంతకు ఏడాది ముందే, 1910లో, జపాను కొరియాను తన సామ్రాజ్యంలో కలుపుకొన్నది. చోయ్ వారిది యాంగ్‌బన్ కుటుంబం, అంటే తరతరాలుగా చదువు, ఉద్యోగం, భూమి కలిగిన పెద్దింటివారు. కొత్త ప్రభుత్వం చేయించిన భూముల సర్వే తరవాత ఎందరో పాత కుటుంబాలవారికి ఆస్తి చేజారినట్లే వీరికీ చేజారింది. అయినా ఆడపిల్ల చదువు మానిపించలేదు. సియోల్ నగరంలోని సూక్‌మ్యంగ్ బాలికల పాఠశాలలో సుంగ్‌హీ చదివింది. పద్నాలుగు, పదిహేనేళ్ళకే చదువు ముగించింది. పాట బాగా పాడేది. టీచరు శిక్షణకు పోదామంటే వయసు చాలదన్నారు. ఇక ఏమి చేయాలో తోచక ఇంట కూర్చున్నది.

ఆమె అన్న చోయ్ సుంగ్‌ఇల్ రచయిత. టోక్యోలో చదువుకొని వచ్చినవాడు; కొత్త కళల సంగతి తెలిసినవాడు. 1926 మార్చిలో ఇషీయి బకు అనే జపాను నర్తకుడు సియోల్‌కు వచ్చి ప్రదర్శన ఇచ్చాడు. జపానులో ఆధునిక నాట్యానికి దారి వేసినవారిలో ఇషీయి ప్రముఖుడు. అన్న చెల్లెలిని వెంటబెట్టుకొని ప్రదర్శనకు తీసుకువెళ్ళాడు. రాజాస్థానపు నృత్యం కాదు, పండుగ ఆట కాదు. ఒక మనిషి తన బాధనూ కోరికనూ దేహంతో చెప్పడం ఆ పిల్ల మొదటిసారి చూసింది. ఆటలో కథ ఏమీ లేకపోయినా కళ్ళ నీళ్ళు తిరిగాయి. అన్న మాట కలిపాడు, ఇషీయి సరేనన్నాడు. కొద్ది రోజులలోనే ఆమె ఆయన బృందంతో టోక్యో బయలుదేరింది.

చెప్పడానికి ఇది ఒక్క వాక్యం. ఆనాటి కొరియాలో ఒక పెద్దింటి పిల్ల ఆటకు పోవడం అంత సులభం కాదు. అక్కడ సంగీత నృత్యాలను కాపాడుతూ వచ్చినవారు కిసెంగ్ అనే స్త్రీలు. వారు చదువుకొన్నవారు, కవిత్వం చెప్పగలవారు, వాద్యాలు తెలిసినవారు. అయినా సంఘంలో వారికి గౌరవం లేదు. విద్వత్తు వారిది, అపకీర్తీ వారిదే. మన వైపు కలావంతుల కుటుంబాల చరిత్ర తెలిసినవారికి ఈ స్థితిని వివరించి చెప్పనక్కరలేదు. చోయ్ వారు కూతురిని అమ్ముకొన్నారని ఊళ్ళో చెప్పుకొన్నారు. తల్లి రైల్వే స్టేషనుకు పరుగెత్తుకు వచ్చి ఏడ్చిందని అంటారు. రైలు మాత్రం ఆగలేదు.

టోక్యోలో మూడేళ్ళు ఆమె ఇషీయి ఇంట ఉండి నేర్చుకొన్నది. శిష్యురాలంటే ఇంటి పనీ ఉంటుంది, సాధనా ఉంటుంది, ఊరూరా తిరిగే ప్రదర్శనలూ ఉంటాయి. ఇషీయి పద్ధతిలో ముందు దేహం సిద్ధం కావాలి; ఆ తరవాత నర్తకి ఎవరి నాట్యాన్నీ అనుకరించక తన నాట్యాన్ని తానే కల్పించుకోవాలి. 1929లో ఆమె సియోల్‌కు తిరిగివచ్చి సొంత నాట్యశాల పెట్టింది. 1930లో తన తొలి ప్రదర్శన ఇచ్చింది. పత్రికలు రాశాయి, జనం వింతగా చూశారు. డబ్బు మాత్రం రాలేదు. 1931లో అన్ మక్ అనే సాహిత్య విమర్శకుడిని వివాహం చేసుకొన్నది. ఆయన అసలు పేరు అన్ పిల్‌సుంగ్. ఇషీయి పేరులోని ‘బకు’ అనే అక్షరాన్నే కొరియా పలుకులో ‘మక్’ అని తనకు పేరుగా పెట్టుకొన్నాడు. మరుసటి ఏడాది కూతురు పుట్టింది. నాట్యశాల నడవలేదు. 1933లో చంటిపిల్లను వెంటబెట్టుకొని ఆమె మళ్ళీ టోక్యోలోని గురువు గడప తొక్కింది.

ఇక్కడే ఆమె కథ మలుపు తిరిగింది. అంతవరకు ఆమె ఆడినది పాశ్చాత్య పద్ధతి నాట్యం. మీ దేశపు నాట్యం నేర్చుకో అని గురువు ప్రోత్సహించాడు. చిన్ననాడు చిన్నచూపు చూసిన ఆటనే ఇప్పుడు వెదుక్కొంటూ పోవలసివచ్చింది. హాన్ సంగ్‌జున్ అనే పెద్ద విద్వాంసుడు కొరియాలో ఉండేవాడు. ఆయన మొదట డోలు వాయించేవాడు. డోలు వాయించేవాడికి అందరి అడుగులూ తెలుస్తాయి. ఊళ్ళలోనూ గుళ్ళలోనూ చెదిరివున్న ఆటలను ఏరి, రంగస్థలానికి తగినట్లు కూర్చినవాడు ఆయనే. సుంగ్‌హీ ఆయన వద్ద నేర్చుకొన్నది చాలా కొద్ది రోజులే. కాని అప్పటికే దేహం సిద్ధమైవున్నది కాబట్టి ఆ కొద్ది రోజులు చాలాయి.

కొరియా నాట్యం ఎట్లా ఉంటుందో కొంత తెలుసుకొంటేగాని ఆమె చేసిన పని ఏమిటో తెలియదు. అందులో కదలిక కాలితో మొదలుకాదు, ఊపిరితో మొదలవుతుంది. ఊపిరి పీల్చినప్పుడు భుజాలు మెల్లగా పైకి లేస్తాయి. వదిలినప్పుడు మోకాళ్ళు కొద్దిగా వంగి దేహం కిందికి దిగుతుంది. అడుగు వేసేటప్పుడు మొదట మడమ నేలను తాకుతుంది, తరవాత వేళ్ళు. కొన్ని ఆటలలో చేతి పొడవుకు మించిన చొక్కా చేతులుంటాయి. చేయి ఆగిన తరవాత కూడా ఆ బట్ట గాలిలో కదులుతూనే ఉంటుంది. తాళం ఎక్కువగా మూడేసి మాత్రలుగా నడుస్తుంది, మన తిస్రగతి వలె. తాళం వేసేది జాంగు అనే వాద్యం. ఆకారం డమరుకం వంటిది, పొడవు మద్దెలంత. రెండు వైపులా రెండు రకాల ధ్వని పలుకుతుంది. మన భరతనాట్యంలోనూ కూచిపూడిలోనూ పాదం నేలను గట్టిగా తట్టి తాళం పలికిస్తుంది. కొరియా నాట్యంలో పాదం చప్పుడు చేయదు. తాళాన్ని భుజం చూపిస్తుంది.

ఈ భుజాల ఊపే ఆమెకు తొలి విజయం తెచ్చిపెట్టింది. ఆమె తండ్రి తాగినప్పుడు లేచి ఆడేవాడట. వేదిక మీద ఆడినవాడు కాదు, ఎవరి వద్దా నేర్చినవాడు కాదు. పల్లెలో పెద్దమనుషులు విందులో ఆడే ఆట అది. సుంగ్‌హీ ఆ ఆటనే తీసుకొన్నది. పెద్దమనిషి తెల్లని అంగీ, గుర్రపు వెంట్రుకలతో అల్లిన నల్లని టోపీ ధరించి, సిగ్గూ గర్వమూ మత్తూ కలిసిన ఆ నడకను 1933లో టోక్యో రంగస్థలం మీద ఆడి చూపింది. దాని పేరు ‘ఎహెయా నొఆరా’. ప్రేక్షకులు నవ్వారు, చప్పట్లు కొట్టారు. ఒక స్త్రీ మగవేషం వేసి తండ్రిని ఆడడం, అందులో వెక్కిరింత లేకపోవడం వారికి కొత్త. నా ఉద్దేశంలో ఆమె చేసిన వందలాది ప్రదర్శనలకు బీజం ఇందులోనే ఉన్నది. పాతదాన్ని ఉన్నదున్నట్లు ఆడలేదు; విదేశపు పద్ధతినీ ఉన్నదున్నట్లు తేలేదు.

1934 సెప్టెంబరులో ఆమె టోక్యోలో సొంతంగా ప్రదర్శన ఇచ్చింది. జపానులో కొత్తగా వచ్చిన నర్తకీమణులలో ఎవరు శ్రేష్ఠులని అడిగితే రచయిత కవబత యసునరి ఆమె పేరే చెప్పాడు. తరవాత 1968లో సాహిత్యానికి నోబెల్ బహుమతి అందుకొన్న కవబత ఆయనే. ఆమె దేహ సౌష్ఠవాన్నీ, ఆటలోని బలాన్నీ, అన్నిటికంటె మించి ఆ ఆటలో ఉన్న కొరియా మట్టివాసననూ ఆయన మెచ్చుకొన్నాడు. జపాను పాలకులు కొరియా భాషను బడులలో వెనక్కు నెడుతున్న కాలంలో, ఒక కొరియా స్త్రీ కొరియా ఆటతోనే జపాను రాజధానిలో మన్నన పొందింది. కాని ప్రకటనలలో అచ్చు వేసిన పేరు సాయ్ షోకి.

ఇక సినిమా పిలిచింది. 1936లో ‘హంతో నో మైహిమె’ అనే జపాను చిత్రంలో ఆమె కథానాయికగా నటించింది. ‘ద్వీపకల్పపు నర్తకి’ అని ఆ పేరుకు అర్థం. కొరియా అనే మాట బదులు ద్వీపకల్పం అనడం ఆనాటి అధికారుల వాడుక. కథ కూడా ఇంచుమించు ఆమె కథే, నర్తకి కావాలనుకొన్న కొరియా పిల్ల కథ. ఆ ఏడాదే ‘ఇటలీ తోట’ అనే పాటను గ్రామఫోను రికార్డుకు పాడింది. ఆ ఏడాదే తన ఆత్మకథ కూడా ప్రకటించింది. ఇరవై అయిదవ ఏట ఆత్మకథ ఏమిటని మనకు నవ్వు రావచ్చు. వ్యాపార ప్రకటనల కాగితాలలో ఆమె బొమ్మ కనిపించేది. రెండేళ్ళ తరవాత కొరియాలోని వజ్రపర్వతాల నేపథ్యంలో మరొక చిత్రంలో నటించింది. నటిగా ఆమె ఎంతటిదో చెప్పడం కష్టం. దర్శకులకు కావలసినది ఆమె ఆట; కథ దాని చుట్టూ కట్టిన పందిరి.

ఆ 1936వ సంవత్సరంలోనే మరొక కొరియా యువకుడి పేరు లోకమంతా వినిపించింది. ఆగస్టులో బెర్లిన్ ఒలింపిక్ క్రీడలలో మారథాన్ పరుగును 2 గంటల 29 నిమిషాల 19 సెకన్లలో పూర్తిచేసి సోన్ కీజంగ్ బంగారు పతకం గెలిచాడు. అతడు సుంగ్‌హీ కంటె ఒక్క ఏడాది చిన్న. అతడు కూడా జపాను పక్షాన, జపాను పలుకులో సోన్ కితెయ్ అనే పేరుతోనే పరుగెత్తవలసివచ్చింది. విజేతల వేదిక మీద జపాను పతాకం ఎగురుతుంటే అతడు తల వంచుకొని నిలబడ్డాడు. బహుమతిగా ఇచ్చిన ఓక్ మొక్కతో రొమ్ము మీది సూర్యబింబాన్ని కప్పుకొన్నాడు. సియోల్‌లోని ‘దొంగా ఇల్బో’ పత్రిక అతడి బొమ్మలో ఆ సూర్యబింబాన్ని చెరిపివేసి అచ్చువేసింది. ప్రభుత్వం పత్రికను నెలల తరబడి మూయించింది. బట్టమీద ఉన్న ఒక గుండ్రని గుర్తు ఆ రోజులలో అంత పెద్ద సంగతి.

సుంగ్‌హీకి ఇటువంటి పరీక్ష సముద్రం దాటిన తరవాత ఎదురైంది. 1937 డిసెంబరులో ఆమె భర్తతో అమెరికాకు ఓడ ఎక్కింది. అప్పటికి జపాను సేనలు చైనాలో ప్రవేశించాయి. అమెరికాలో జపాను వస్తువులు కొనరాదనే ఉద్యమం బలంగా ఉన్నది. శాన్‌ఫ్రాన్సిస్కో, లాస్ ఏంజెల్స్, న్యూయార్క్ నగరాలలో ఆమె ఆడింది. పేరు సాయ్ షోకి, కింద కొరియా నర్తకి అని రాత. అమెరికాలో స్థిరపడిన కొరియావారిలో కొందరు, ఈమె జపాను పంపిన మనిషి అని ప్రదర్శనను బహిష్కరించారు. అదే సమయంలో, కొరియా నర్తకి అని చెప్పుకోవడమేమిటి, ఈమె జపాను వ్యతిరేకి అయివుండాలి అని జపాను అధికారులు అనుమానించారు. ఒకే ప్రకటన కాగితాన్ని చదివి ఇరువర్గాలూ కోపగించాయి. కొంతకాలం ఆమెకు వేదిక దొరకలేదు.

1939 జనవరి చివర పారిస్ నగరంలోని సాల్ ప్లెయెల్ మందిరంలో ఆమె ఆట జరిగింది. అక్కడి నుంచి బెల్జియం, హాలెండ్ మొదలైన దేశాలు తిరిగింది. గడ్డిటోపీ పెట్టుకొన్న పెళ్ళికొడుకు ఆట ఒకటి ఆమె ఆడేది. పూర్వం కొరియాలో పసితనంలోనే పెళ్ళి అయిన మగపిల్లవాడు అటువంటి టోపీ ధరించేవాడు. పెద్దరికం నెత్తిమీద, ఆటపిల్లతనం కాళ్ళలో! బోధిసత్త్వుని నృత్యం దీనికి పూర్తిగా భిన్నమైనది. అందులో అడుగులు దాదాపు లేవు. ఆభరణాలు ధరించి ఒక చోటనే నిలబడి, చేతులతోనూ వేళ్ళతోనూ శిల్పం మెల్లగా ప్రాణం పోసుకొన్నట్లు ఆడేది. ఆ సెప్టెంబరులో ఐరోపాలో యుద్ధం మొదలైంది. ఆమె మళ్ళీ అమెరికా చేరి, 1940లో బ్రెజిల్, అర్జెంటీనా, చిలీ, పెరూ, మెక్సికో దేశాలు చూసి, ఆ ఏడాది చివర జపానుకు తిరిగివచ్చింది. మూడేళ్ళలో సుమారు 150 ప్రదర్శనలు. అంత దూరం తిరిగిన కొరియా నర్తకి అంతకుముందు లేదు.

తిరిగివచ్చిన తరవాతి నాలుగేళ్ళను గురించి కొరియావారు ఇప్పటికీ వాదించుకొంటారు. కొరియా ఆటలే కాక జపాను ఆటలూ చూపాలని ఒత్తిడి వచ్చింది. ఆమె చూపింది. చైనాలోనూ మంచూరియాలోనూ జపాను సైనికుల ఎదుట ఆడింది. ప్రదర్శనల సొమ్ములో కొంత యుద్ధనిధికి ఇచ్చింది. 1942 డిసెంబరులో టోక్యోలోని ఇంపీరియల్ థియేటరులో రెండు వారాలకు పైగా ఒంటరిగా ఆడి మందిరం నింపింది. సోదరులు, బంధువులు పాలితులుగా ఉండగా పాలకుల సైన్యం ముందు ఆడడం తప్పు కాదా అని అడిగేవారున్నారు. కాదంటే ఆట ఆగిపోయేది, ఆమె ఆగితే కొరియా ఆటకు వేదికే ఉండేది కాదు అని చెప్పేవారున్నారు. రెండు మాటలకూ ఆధారం ఉన్నది. యుద్ధనిధికి చేరిన డబ్బు మాత్రం యుద్ధానికే చేరింది. దాన్ని కళ పేరుతో దాచిపెట్టడం సరికాదని నాకు తోస్తుంది.

1945 ఆగస్టులో జపాను ఓడిపోయింది. కొరియాకు స్వాతంత్ర్యం వచ్చిందనుకొనేలోగా 38వ అక్షాంశరేఖ దేశాన్ని రెండుగా కోసింది. ఉత్తరాన సోవియట్ సేనలు, దక్షిణాన అమెరికా సేనలు. సుంగ్‌హీ అప్పుడు చైనాలో ఉన్నది. 1946లో సియోల్‌కు రాగానే జపానుకు కొమ్ముకాసిందన్న నింద ఆమెను ఎదుర్కొన్నది. ఆ వేసవిలోనే భర్తతో కలిసి ఉత్తరానికి వెళ్ళిపోయింది. ప్యాంగ్యాంగ్ నగరంలో తేదోంగ్ నది ఒడ్డున ప్రభుత్వం ఆమెకు నాట్యశాల ఇచ్చింది. దక్షిణాన ఉన్న బంధువులకూ స్నేహితులకూ ఆమె ఆ రోజుతో దూరమైపోయింది.

1950లో కొరియా యుద్ధం మొదలైంది. ప్యాంగ్యాంగ్ మీద బాంబులు పడ్డాయి. సుంగ్‌హీ బీజింగ్‌కు చేరింది. 1951లో అక్కడి కేంద్ర నాటక కళాశాలలో ఆమె పేరుతో ఒక నాట్య తరగతి ఏర్పడింది. చైనావారికి అప్పుడు ఒక చిక్కు ఉన్నది. వారి ప్రాచీన నాట్యం విడిగా నిలవలేదు; సంగీత నాటకాలలో కలిసిపోయి బతికింది. దాన్ని అందులోనుంచి విడదీసి బడిలో నేర్పదగిన పాఠంగా చేయడం ఎట్లా? బీజింగ్ సంగీత నాటకాలలో ఆరితేరిన నటుల నడకలను, చేతి విన్యాసాలను, చూపులను ఆమె ఒక్కొక్కటిగా చూసి, విడదీసి, సులభమైనవి ముందు, కఠినమైనవి తరవాత వచ్చేట్లు వరుస కట్టించింది. తెలుగులో వ్యాకరణం లేని రోజును ఊహించుకోండి. అందరూ మాట్లాడుతూనే ఉంటారు, పాఠం చెప్పడానికి మాత్రం మొదలు ఎక్కడో తెలియదు. ఆమె ఆ మొదలు చూపినవారిలో ఒకతె. చైనాలో నివసించే కొరియా పిల్లలు కూడా ఆ తరగతిలో ఉన్నారు. ఈ పిల్లల సంగతి మళ్ళీ చెప్పుకొందాం.

యుద్ధం ఆగిన తరవాత ప్యాంగ్యాంగ్‌లో ఆమెకు గొప్ప గౌరవం జరిగింది. 1955లో ప్రజానటి అనే బిరుదు వచ్చింది. సముద్రతీరపు కోటను శత్రువులనుంచి కాపాడుకొన్న కథను ‘సాదో కోట కథ’ అనే నృత్యనాటకంగా కూర్చి తానే ప్రధాన పాత్ర ధరించింది. 1956లో దాన్ని రంగుల చిత్రంగా తీశారు. అన్నిటికంటె ముఖ్యమైన పని 1958లో వెలువడిన పుస్తకం. పేరు ‘కొరియా జాతీయ నాట్య ప్రాథమికాలు’. బీజింగ్‌లో చైనా నాట్యానికి చేసిన పనినే సొంత నాట్యానికి చేసింది. ముందు చేతిలో ఏ వస్తువూ లేని కదలికలు. ఆ తరవాత విసనకర్ర, గుడ్డ, చిన్న డోలు, కత్తి పట్టుకొని చేసేవి. బొమ్మలతో, తాళంతో, వరుసగా. కిసెంగ్ ఇంటిలోనో, హాన్ సంగ్‌జున్ వంటి పెద్దల ముందు కూర్చునో నేర్వవలసిన విద్య ఇప్పుడు ఏ ఊరి బడిలోనైనా నేర్వదగిన పాఠమైంది. పిల్లల కోసం ఇటువంటిదే మరొక పుస్తకం 1964లో రాసింది.

పుస్తకం వచ్చిన ఏడాదే ఆమె భర్తను ప్రభుత్వం పదవినుంచి తొలగించింది. తరవాత ఆయన జాడ తెలియలేదు. 1967 తరవాత ఆమె పేరు కూడా ఉత్తర కొరియా పత్రికలలో కనిపించడం మానేసింది. కూతురు అన్ సంగ్‌హీ కూడా నర్తకే. ఆమె పేరూ వినిపించలేదు. దక్షిణాన సంగతి అంతకుముందునుంచీ అదే. ఉత్తరానికి పోయినవారి రచనలు, పాటలు, బొమ్మలు అక్కడ నిషిద్ధం. తప్పనిసరిగా అటువంటివారి పేరు అచ్చువేయవలసివస్తే మధ్య అక్షరం తీసి సున్న పెట్టేవారు. ఒకప్పుడు టోక్యో పత్రికలలో పరభాష పలుకుతో వెలిగిన పేరు, ఇప్పుడు రెండు కొరియాలలోనూ సొంత పలుకుతో కూడా పలకరాని పేరైంది.

కాని దేహాలకు నేర్పిన పాఠాన్ని సున్న పెట్టి తీసివేయడం అంత సులభం కాదు. కిమ్ బెక్‌బోంగ్ అనే శిష్యురాలు ఆమె వద్ద చిన్ననాటినుంచి నేర్చుకొన్నది. అన్ మక్ తమ్ముడిని వివాహమాడి ఆమెకు తోటికోడలు అయింది. యుద్ధకాలంలో కిమ్ దంపతులు దక్షిణానికి వచ్చేశారు. గురువు పేరెత్తడానికి వీలులేని దేశంలో, గురువు నేర్పిన అడుగులతోనే ఆమె నాట్యశాల నడిపింది. 1954లో ఆమె కూర్చిన విసనకర్రల నృత్యం నేటికీ దక్షిణ కొరియా అనగానే కళ్ళకు కట్టే ఆట. నర్తకీమణులు గుండ్రంగా నిలిచి పెద్ద విసనకర్రలను ఒక్కసారిగా విప్పితే పువ్వు విరిసినట్లుంటుంది. మీలో కొందరు దాన్ని టెలివిజన్‌లో చూసేవుంటారు.

1988 సెప్టెంబరు 17న సియోల్‌లో ఒలింపిక్ క్రీడలు ప్రారంభమైనాయి. కిమ్ బెక్‌బోంగ్ కూర్చిన పూలకిరీటాల నృత్యం ఆ ప్రారంభోత్సవంలో జరిగింది. క్రీడాజ్యోతిని పట్టుకొని మైదానంలోకి వచ్చినవాడు సోన్ కీజంగ్. బెర్లిన్‌లో తల వంచుకొని నిలబడ్డ ఆ యువకుడికి ఇప్పుడు 76 ఏళ్ళు. చిన్నపిల్లవాడిలా ఎగిరి గంతులు వేస్తూ పరుగెత్తాడు. ఈసారి లోకం అతడిని కొరియా పేరుతోనే పిలిచింది. ఉత్తరానికి పోయిన రచయితల, కళాకారుల మీది నిషేధం సడలినది కూడా ఆ ఏడాదే. ఆ తరవాతనే సియోల్ పిల్లలు చోయ్ సుంగ్‌హీ అనే పేరును పూర్తి అక్షరాలతో చదవగలిగారు.

2003లో ఉత్తర కొరియా కూడా మనసు మార్చుకొన్నది. ప్యాంగ్యాంగ్ సమీపంలోని దేశభక్తుల శ్మశానవాటికలో ఆమెకు సమాధి ఉన్నట్లు తెలియజేసింది. 1969 ఆగస్టు 8న మరణించినట్లు ఆ రాతి మీద ఉన్నది. ముప్పైనాలుగేళ్ళ తరవాత తెలిసిన మరణవార్త! అటు దక్షిణాన 2009లో ప్రచురితమైన జపాను అనుకూలుర నిఘంటువులో ఆమె పేరు చేర్చారు. ఉత్తరాన దేశభక్తుల వరుసలో ఒక రాయి, దక్షిణాన దేశద్రోహుల వరుసలో ఒక పుట. అదే దక్షిణాన ఆమె నాట్యాలను మళ్ళీ వెదికి ఆడేవారూ, ఆమెమీద పరిశోధన చేసేవారూ ఉన్నారు.

బీజింగ్ తరగతిలోని కొరియా పిల్లల సంగతి చెప్పుకోవలసి ఉన్నది. చైనా ఈశాన్యమూలన యన్‌బ్యన్ అనే ప్రాంతం ఉన్నది. పందొమ్మిదవ శతాబ్దంలో కరవుకు తాళలేక తూమెన్ నది దాటివచ్చిన కొరియా రైతులు అక్కడ అడవి కొట్టి వరి పండించారు. 1952లో చైనా ప్రభుత్వం దాన్ని కొరియన్ స్వయంపాలక ప్రాంతంగా ప్రకటించింది. బీజింగ్‌లో చోయ్ సుంగ్‌హీ వద్ద నేర్చిన పిల్లలలో కొందరు అక్కడ నాట్యాచార్యులైనారు. వారిని ఆమె త్సుయ్ చంగ్‌షీ అనే పేరుతో చైనా రాజధానిలో కలుసుకొన్నది. నేర్పినది మాత్రం వారి తాతముత్తాతలు నది దాటేటప్పుడు భుజాలలో మోసుకొచ్చిన ఆట.

జపానులోనూ అంతే. అక్కడ తరాలుగా స్థిరపడిన కొరియావారు నడుపుకొనే బడులలో, బడి వదిలిన తరవాత నాట్యం నేర్చే జట్లు ఉంటాయి. ఆ పిల్లలు బయట జపాను భాషే మాట్లాడతారు. ఎక్కువమంది కొరియాను చూసివుండరు. మొదటి రోజున వారికి విసనకర్ర ఇవ్వరు, డోలు ఇవ్వరు. 1958లో వచ్చిన పుస్తకంలో ఉన్న వరుసనే మొదలుపెడతారు. ఖాళీ చేతులతో నిలబడి, జాంగు మొదటి దెబ్బకు ఊపిరి పీల్చి భుజాలు లేపుతారు. రెండవ దెబ్బకు ఊపిరి వదిలి, మోకాళ్ళు వంచి, మడమను నేలకు ఆనిస్తారు.